రొసెల్లా లైకెన్‌తో ఊదా రంగు: మరిగిస్తే రాదు, మాగబెడితే వస్తుంది

మీ ప్రశ్నలో ఉన్న విషయాలు ఇవి. రొసెల్లా టింక్టోరియా అనే పేరుతో గుప్పెడు ఎండు లైకెన్ మీ చేతికి వచ్చింది. దాన్ని పటిక పట్టించిన ఉన్నితో కలిపి రెండు గంటలు మరిగించారు. రాజుల వస్త్రాలకు వేసేవారని చదువుకున్న ఊదా రంగు రాలేదు, ఉన్నికి ఎండుగడ్డి రంగు మాత్రం అంటింది. సరుకు నకిలీదా, పటిక ఎక్కువైందా, ఇంకాసేపు మరిగించాలా అని అడిగారు. రంగు ఎండకు ఆగుతుందా, ఇంకో అరకిలో తెప్పించుకోవచ్చా అని కూడా అడిగారు. చాలా ఏళ్లుగా ఉన్నికీ పట్టుకీ సహజ రంగులు అద్దుతున్నాను, లైకెన్లతోనూ పని చేశాను. అందుకే కాస్త వివరంగా రాస్తున్నాను.

మీ సరుకు నకిలీది కాకపోవచ్చు. మరో నాలుగు గంటలు మరిగించినా ఫలితం మారేది కాదు. అసలు విషయం ఏమిటంటే, రొసెల్లాలో ఊదా రంగు ఉండదు. మంజిష్ఠ వేరులో ఎరుపు ఉన్నట్టు, పసుపు కొమ్ములో పసుపు ఉన్నట్టు ఇందులో ఏ రంగూ సిద్ధంగా ఉండదు. ఉండేది తెల్లటి ఆమ్లాలు. వాటిని మనం విడగొట్టి, అమ్మోనియాతో, గాలితో కలిపి వారాల తరబడి ఉంచితేనే ఊదా పుడుతుంది. అంటే ఇది పిండుకునే రంగు కాదు, తయారు చేసుకునే రంగు.

కొంచెం రసాయనం చెప్పక తప్పదు. ఇది తెలిస్తే మిగతా పనంతా తేలికగా అర్థమవుతుంది. లైకెన్ ఒక మొక్క కాదు. ఒక శిలీంధ్రమూ ఒక శైవలమూ కలిసి బతికే జీవి. అందులోని శిలీంధ్రం కొన్ని ప్రత్యేకమైన ఆమ్లాలను తయారు చేసి తన పోగుల మీద స్ఫటికాలుగా పేరుస్తుంది. రొసెల్లా జాతుల్లో ముఖ్యంగా ఉండేవి లెకనోరిక్ ఆమ్లం, ఎరిత్రిన్. లెకనోరిక్ ఆమ్లం అంటే రెండు ఆర్సెల్లినిక్ ఆమ్లపు ముక్కలు ఒకదానికొకటి అతుక్కుని ఉన్న పదార్థం. క్షారం తగిలితే ఆ అతుకు ఊడిపోతుంది. విడిపోయిన ముక్కలు కార్బన్ డయాక్సైడును వదిలి ఆర్సినాల్‌గా మారతాయి. ఆర్సినాల్‌కు రంగు లేదు. అమ్మోనియాలోని నత్రజని, గాలిలోని ఆక్సిజన్ దానితో కలిసినప్పుడే ఆర్సీన్ అనే ఊదా రంగు తయారవుతుంది. ఆర్సినాల్‌ను 1829లో ఫ్రెంచి రసాయన శాస్త్రవేత్త పియర్ రోబికే వేరు చేశాడు. మంజిష్ఠ జాతి వేరులోని ఎర్ర రంగును, అంటే అలిజరిన్‌ను, అంతకు మూడేళ్ల ముందు బయటకు తీసింది కూడా ఆయనే. ఆర్సీన్ ఒక్క పదార్థం కాదని, దగ్గరి బంధువులైన అనేక రంగుల మిశ్రమమని ఆ తర్వాత శతాబ్దానికి పైగా గడిచాక జర్మనీలో హాన్స్ ముస్సో తేల్చాడు.

ఇప్పుడు మీ గిన్నెలో ఏం జరిగిందో చూడండి. క్షారం లేదు, పైగా పటిక వల్ల నీళ్లు కొద్దిగా ఆమ్లంగా మారాయి. అమ్మోనియా లేదు. మరుగుతున్న నీళ్లలో కరిగి ఉండే గాలి కూడా తక్కువ. కావలసిన మూడింటిలో ఒక్కటీ లేదు కాబట్టి ఊదా పుట్టే అవకాశమే లేదు.

అయినా చేతిలో ఉన్నది ఏ లైకెనో ముందు తేల్చుకోవాలి. పేరు రాసి ఉన్న కాగితాన్ని నమ్మవద్దు. రొసెల్లా టింక్టోరియా పొదలాగా పెరుగుతుంది. గుండ్రటి సన్నని కొమ్మలు, బూడిద రంగు నుంచి గోధుమ రంగు దాకా ఉంటాయి, ఎండితే పెళుసుగా విరుగుతాయి. దాని దగ్గరి చుట్టం రొసెల్లా ఫ్యూసిఫార్మిస్ కొమ్మలు గుండ్రంగా కాక చదునుగా, పట్టీల్లా ఉంటాయి. రంగుకు రెండూ పనికొస్తాయి. బ్లేడుతో పైపొరను మెల్లగా గీకి భూతద్దంతో చూడండి. చాలా లైకెన్లలో ఆకుపచ్చటి శైవలం కనిపిస్తుంది. రొసెల్లాలో ఉండేది ట్రెంటెపోలియా రకం శైవలం. దాని కణాల్లో కెరోటిన్ వర్ణకాలు ఉంటాయి కాబట్టి గీకిన చోట నారింజ ఛాయ తొంగిచూడవచ్చు.

అంతకంటే నమ్మదగిన పరీక్ష ఇంకొకటి ఉంది. బట్టలకు వాడే మామూలు బ్లీచ్ ద్రావణం, అంటే సోడియం హైపోక్లోరైట్, కొత్తగా తెరిచినది తీసుకోండి. లైకెన్ ముక్కను తెల్ల పింగాణీ పళ్లెంలో పెట్టండి. ఒక చోట పైపొరను అలాగే ఉంచి, ఇంకో చోట లోపలి తెల్ల భాగం కనిపించేలా గీకండి. అగ్గిపుల్ల మొనతో రెండు చోట్లా ఒక్కో చుక్క అంటించి, కన్ను తిప్పకుండా చూడండి. పనికొచ్చే లైకెన్ అయితే చుక్క పడిన చోట ఒకటి రెండు క్షణాల్లో గులాబీ ఎరుపో రక్తం ఎరుపో పొంగుతుంది. బ్లీచే దాన్ని తినేస్తుంది కాబట్టి కొద్ది క్షణాల్లోనే ఆ ఎరుపు పోతుంది. తల పక్కకు తిప్పితే చూడలేరు. కొన్ని జాతుల్లో పైపొర ఎర్రబడుతుంది, కొన్నింటిలో లోపలి భాగం, కొన్నింటిలో పిండి రాలే చిన్న చిన్న మచ్చలు మాత్రమే. అందుకే రెండు మూడు చోట్ల చూడమంటున్నాను. ఎక్కడా ఎరుపు రాకపోతే ఆ లైకెన్‌ను అమ్మోనియాలో వేయడం వృథా.

ఇక్కడ ఒక హెచ్చరిక. బ్లీచ్, అమ్మోనియా ఎట్టి పరిస్థితుల్లోనూ కలవకూడదు. కలిస్తే ఊపిరితిత్తులను దెబ్బతీసే క్లోరమిన్ వాయువులు పుడతాయి. పరీక్ష ఒక గదిలో, లైకెన్‌ను మాగబెట్టే అమ్మోనియా సీసా ఇంకో గదిలో ఉంచుకోండి. బ్లీచ్ తగిలిన ముక్కను సీసాలో వేయవద్దు, పారేయండి.

ఎరుపు కనిపించిందనుకుందాం. అప్పుడు చేయవలసింది ఇది. ఎండు లైకెన్‌లో చిక్కుకున్న ఇసుక, బెరడు ముక్కలు తీసేసి, వేళ్లతో నలిపి చిన్న తుంపులు చేయండి. మెత్తటి పొడి అక్కర్లేదు, అది ముక్కులోకి పోతుంది. వెడల్పు మూతి ఉన్న గాజు సీసాలో వేసి, ఒక వంతు ఇంట్లో వాడే అమ్మోనియా ద్రావణానికి రెండు వంతుల నీళ్లు కలిపి, లైకెన్ మునిగి దాని పైన కొంచెం ద్రవం నిలిచేదాకా పోయండి. అమ్మోనియాలో సబ్బు, సువాసన కలిపినవి ఉంటాయి, అవి వద్దు. సీసా సగానికి మించి నిండకూడదు. ఆ ఖాళీ సగం ఊరికే వదిలేసినది కాదు, ఆర్సినాల్‌కు కావలసిన ఆక్సిజన్ అక్కడి నుంచే రావాలి. రోజుకు మూడు నాలుగు సార్లు మూత తీసి, గాలి మారనిచ్చి, మళ్లీ బిగించి బాగా కుదపండి. కిటికీ తెరిచిన చోట, మొహం దూరంగా పెట్టి తెరవండి. ఇత్తడి, రాగి, అల్యూమినియం పాత్రలు ఈ పనికి పనికిరావు, అమ్మోనియా వాటిని తింటుంది.

మొదటి రోజు నీళ్లు మురికి గోధుమ రంగులో ఉంటాయి. చాలామంది అక్కడే నిరుత్సాహపడి పారబోస్తారు. కొన్ని రోజులకు గోధుమ రంగులో ఎరుపు కలుస్తుంది. సీసాను కుదిపి వెలుగుకు ఎత్తి పట్టుకుంటే, గాజు గోడల మీదుగా జారే పలుచటి పొరలో ముందుగా ఊదా కనిపిస్తుంది, ఎందుకంటే గాలి బాగా తగిలేది అక్కడే. అడుగున ఉన్న ద్రవం ఇంకా కషాయం లాగే ఉంటుంది. వారాలు గడిచే కొద్దీ మొత్తం ద్రవం ద్రాక్షసారా రంగులోకి, తర్వాత నేరేడు పండు తొక్క రంగులోకి తిరుగుతుంది. ఇరవై నుంచి ఇరవై అయిదు డిగ్రీల వేడిలో మొదటి నెల చివరికి వాడదగ్గ రంగు వస్తుంది. కానీ మూడు నాలుగు నెలలు ఆగితే వచ్చే లోతు వేరు. ఎండలో పెట్టవద్దు. తొందరపెట్టడానికి పొయ్యి మీద పెట్టడం అసలే వద్దు, అమ్మోనియా ఆవిరై పోతుంది.

పాతకాలంలో అమ్మోనియా సీసాలు ఎక్కడివి? మాగిన మూత్రమే వాడేవారు. మూత్రంలోని యూరియాను సూక్ష్మజీవులు అమ్మోనియాగా మారుస్తాయి. దానికి సున్నం కలిపితే క్షారం ఇంకా పెరుగుతుంది. తొట్లలో నానబెట్టి రోజూ కలియబెట్టేవారు. కలియబెట్టడం అంటే గాలి అందించడమే. ఆక్సిజన్ అనే మాట పుట్టకముందే వాళ్లకు ఆ సంగతి చేతులతో తెలుసు. అద్దకపు చరిత్రలో నాకు అన్నిటికంటే గౌరవం కలిగించే జ్ఞానాల్లో ఇది ఒకటి. బండకు అంటుకున్న బూడిద రంగు పదార్థానికి, వాసన కొట్టే ద్రవానికి, రోజువారీ కలియబెట్టడానికి, నెలల ఓపికకు మధ్య ఉన్న సంబంధాన్ని ఎవరో కనిపెట్టారు.

ఆ జ్ఞానం చాలా పాతది. ఈజిప్టులో దొరికి ఇప్పుడు స్టాక్‌హోమ్ పాపిరస్ అని పిలుస్తున్న గ్రీకు రాతప్రతిలో, నత్తల నుంచి తీసే ఖరీదైన ఊదాకు బదులుగా చేసుకునే చవక ఊదాల తయారీ విధానాలు ఉన్నాయి. లైకెన్ రంగు కూడా వాటిలో ఉంది. ఆరో శతాబ్దం నాటి వియన్నా జెనిసిస్ అనే గ్రంథపు ఊదా తోలు పుటలను ఈ మధ్య పరిశీలించినప్పుడు బయటపడింది నత్త రంగు కాదు, లైకెన్ రంగే. చక్రవర్తుల ఊదా అని మనం మ్యూజియంలలో చూసేదానిలో కొంత ఇలా మాగబెట్టిన లైకెన్ రంగే.

ఇప్పుడు అద్దకం. ఇక్కడ మీకు మంచి వార్త, పటిక అవసరం లేదు. ఆర్సీన్ ఉన్నినీ పట్టునూ నేరుగా పట్టుకుంటుంది. నూలుకు సరిగా పట్టదు, కాబట్టి పత్తి బట్టతో ప్రయత్నించవద్దు. మాగిన ద్రవాన్ని పలుచటి గుడ్డలో వడకట్టి, స్టీలు పాత్రలో తగినన్ని నీళ్లలో కలపండి. ఆ పాత్రను మళ్లీ వంటకు వాడకూడదు. ఉన్ని చిలపను, అంటే దారపు చుట్టను, ముందుగా గోరువెచ్చటి నీళ్లలో పూర్తిగా తడిపి, పిండి, రంగు నీళ్లలో వదలండి. మెల్లగా వేడి చేసి ఎనభై డిగ్రీల దగ్గర ఆపండి. మరగనివ్వవద్దు, మరిగితే ఊదా మట్టి రంగు వైపు జారుతుంది. మొదటి పది నిమిషాల్లోనే ఉన్ని రంగు తాగడం కనిపిస్తుంది. దారపు పైపోగులు ముందు ముదురుతాయి, మెలికల లోపల తెలుపు మిగిలి ఉంటుంది. అందుకే చిలపను తిప్పుతూ ఉండాలి. గంట తర్వాత పొయ్యి ఆపేసి, అదే నీళ్లలో చల్లారనివ్వండి. లైకెన్ బరువుతో సమానమైన ఉన్ని వేస్తే మొదటి ముంపులో ముదురు ఊదా వస్తుంది. అదే నీళ్లలో రెండోసారి, మూడోసారి వేసే ఉన్నికి లేత ఛాయలు వస్తాయి. నాకు ఆ మూడో ముంపు ఛాయంటే ప్రత్యేకమైన ఇష్టం. దానిలో గులాబీ, బూడిద రెండూ కలిసి ఉంటాయి, ఏ కృత్రిమ రంగులోనూ అది చూడలేదు.

ఛాయను మార్చుకోవాలంటే ఆమ్లమూ క్షారమూ చాలు. రంగు నీళ్లలో కొద్దిగా వెనిగర్ వేస్తే ఊదా ఎరుపు వైపు జరుగుతుంది, క్షారం ఎక్కువైతే నీలం వైపు జరుగుతుంది. బడిలో ఆమ్లాలను పరీక్షించడానికి వాడిన లిట్మస్ కాగితం గుర్తుందా? దాని రంగు కూడా ఇదే లైకెన్ల నుంచి వచ్చినదే. అమ్మోనియాకు తోడు పొటాష్, సున్నం కలిపి ఇంకా ఎక్కువకాలం మాగబెడితే లిట్మస్ అవుతుంది. సుమారు 4.5 పీహెచ్ కంటే తక్కువైతే ఎరుపు, 8.3 కంటే ఎక్కువైతే నీలం. మీ ఊదా శాలువాకు కూడా ఆ స్వభావంలో కొంత ఉంటుంది. చెమట తగిలినా, క్షారం ఎక్కువగా ఉన్న సబ్బు తగిలినా రంగు అటూ ఇటూ జరుగుతుంది. ఉతకడానికి క్షారం లేని సబ్బే వాడండి.

ఎండకు ఆగుతుందా అన్న ప్రశ్నకు సమాధానం: ఆగదు. ఇందులో మెత్తగా చెప్పడానికి ఏమీ లేదు. సహజ రంగుల్లో అందమైన ఊదా ఇదే, తొందరగా వెలిసే వాటిలోనూ ఇదొకటి. ఈ సంగతి పాతవాళ్లకు బాగా తెలుసు. పదిహేడో శతాబ్దపు ఫ్రాన్సులో కోల్బేర్ మంత్రిగా ఉన్నప్పుడు అద్దకాన్ని పక్కా రంగుల పని, కచ్చా రంగుల పని అని రెండుగా విడదీసి నియమాలు రాశారు. లైకెన్ ఊదాను కచ్చా రంగుల వైపు పెట్టారు. అయినా దాన్ని ఎవరూ మానలేదు. నీలిమందు మీదో మంజిష్ఠ మీదో పైపూతగా వాడితే తక్కువ ఖర్చుతో మెరుపు వచ్చేది. అందుకే పాత తెరల్లో, వస్త్రాల్లో ఒకప్పుడు ఊదాగా ఉన్నవి ఇప్పుడు నీలంగా కనిపిస్తాయి. పైనున్న లైకెన్ రంగు పోయి, కింద ఉన్న నీలిమందు మిగిలింది.

నా మాట కాకుండా మీ కళ్లతో చూడండి. రంగు వేసిన ఉన్నిని అట్టముక్కకు చుట్టి, సగాన్ని నల్ల కాగితంతో కప్పి, ఎండ పడే కిటికీలో పెట్టండి. కొన్ని వారాలకు కాగితం తీసి రెండు సగాలను పక్కపక్కన చూస్తే తేడా తెలిసిపోతుంది. ఎవరికైనా అమ్మేటట్టయితే ఈ ముక్కను చూపించి అమ్మండి. ఈ రంగును పక్కా రంగు అని చెప్పి అమ్మడం మోసం. పుస్తకం మధ్యలో దాచుకునే చిన్న అల్లిక, పెట్టెలో ఉండే వస్తువు, లోపలి అంచు లాంటి వాటికి ఈ రంగు బాగుంటుంది. కిటికీ తెరకు, రోజూ కట్టుకునే బట్టకు వద్దు.

ఇక అరకిలో కొనే విషయం. వద్దు. దీని గురించి కొంచెం ఎక్కువగా రాస్తాను, ఎందుకంటే ఈ లైకెన్ చరిత్రలో నన్ను ఎక్కువగా బాధించే భాగం ఇదే.

రొసెల్లా టింక్టోరియా సొంత చోటు మధ్యధరా తీరం, అట్లాంటిక్‌లోని కెనరీ దీవులు, మదీరా, కేప్ వెర్డే దీవులు. సముద్రానికి ఎదురుగా నిలువుగా ఉండే కొండ అంచుల మీద, వాన నేరుగా తగలని చోట, పొగమంచులోని తేమను పీల్చుకుని బతుకుతుంది. పదమూడో శతాబ్దంలో ఫ్లోరెన్సుకు చెందిన ఒక వర్తకుడు తూర్పు మధ్యధరా ప్రాంతంలో ఈ రంగు తయారీ నేర్చుకుని వచ్చి, దానితో కుటుంబాన్ని సంపన్నం చేశాడని చెబుతారు. ఆ కుటుంబమే రుచెల్లాయి. ఇటాలియన్‌లో ఈ రంగును ఒరిచెల్లో అంటారు, ఇంటిపేరు దాని నుంచే వచ్చింది. ఫ్లోరెన్సులో శాంతా మరియా నొవెల్లా చర్చి పాలరాతి ముఖభాగం మీద 1470 అన్న సంవత్సరంతో పాటు జొవాన్ని రుచెల్లాయి పేరు చెక్కి ఉంటుంది. ఆ రాయి వెనుక ఉన్న సంపదలో మూలధనం లైకెన్ రంగు.

1402లో నార్మండీకి చెందిన జాన్ దె బెతాంకూర్ కెనరీ దీవుల మీదికి వెళ్లినప్పుడు అతన్ని ఆకర్షించిన వాటిలో అక్కడి లైకెన్ ఒకటి. నార్మండీ బట్టల పరిశ్రమకు రంగులు కావాలి. దీవులు చేజిక్కాక ఈ లైకెన్ అమ్మకం మీద గుత్తాధికారాన్ని అతను తన దగ్గరే ఉంచుకున్నాడు. ఆ తర్వాతి శతాబ్దాల్లో దాన్ని ఏరడానికి దీవుల్లోని పేదలు తాళ్లకు వేలాడుతూ కొండ అంచుల నుంచి సముద్రం మీదికి దిగేవారు. ఎన్నో ప్రాణాలు పోయాయి. ఆ రంగు బట్టలు కట్టుకున్నవాళ్లు ఆ అంచులను ఎన్నడూ చూడలేదు. కేప్ వెర్డేలో పోర్చుగల్ రాజ్యం దీన్ని తన గుత్తాధికారం కిందకు తెచ్చుకుంది. ఒక చోట లైకెన్ పలచబడితే వర్తకులు ఇంకో తీరానికి మళ్లేవారు. పందొమ్మిదో శతాబ్దంలో ఆంగోలా, మొజాంబిక్, మడగాస్కర్, సిలోన్, మెక్సికోలోని బాహా కాలిఫోర్నియా, చివరికి గలాపగోస్ దీవుల దాకా వెళ్లారు.

స్కాట్లండులోనూ ఇలాగే జరిగింది. అక్కడ ఓక్రోలేకియా టార్టారియా అనే పొక్కులాంటి లైకెన్‌తో చేసే రంగుకు కత్‌బర్ట్ గోర్డన్ 1758లో పేటెంటు తీసుకున్నాడు. తన పేరునే కొంచెం మార్చి దానికి కడ్‌బేర్ అని పేరు పెట్టాడు. లీత్‌లో మొదలైన ఆ పని నిలవలేదు. 1777లో గ్లాస్గోలో జార్జ్ మాకింటోష్ మళ్లీ మొదలుపెట్టాడు. వాన కోటుకు పేరిచ్చిన చార్లెస్ మాకింటోష్ ఆయన కొడుకే. జార్జ్ తన కర్మాగారం చుట్టూ ఎత్తైన గోడ కట్టి, రహస్యం బయటికి పొక్కకుండా గేలిక్ భాష మాట్లాడే కొండప్రాంతపు వాళ్లనే పనిలో పెట్టుకున్నాడు. నగరంలోని ఇళ్ల నుంచి మూత్రం సేకరించేవారు. కొంతకాలానికి స్కాట్లండు కొండల్లో లైకెన్ చాలక నార్వే, స్వీడన్‌ల నుంచి తెప్పించుకోవలసి వచ్చింది.

ఎందుకు చాలలేదు? ఇలాంటి పొక్కు లైకెన్లు ఏడాదికి మిల్లీమీటరో అంతకంటే తక్కువో పెరుగుతాయి. పొదలా పెరిగేవి కొంచెం నయం, అయినా ఏడాదికి కొన్ని మిల్లీమీటర్లే. అరచేతిలో పట్టే కుచ్చును ఒక క్షణంలో గీకేయవచ్చు, అది మళ్లీ రావడానికి దశాబ్దాలు పడుతుంది. ఏ పంటకూ లేని ఇబ్బంది ఇది: లైకెన్‌ను నాటి పెంచే పద్ధతి లేదు. అమ్మకానికి వచ్చే ఎండు లైకెన్ అంతా ఏదో ఒక బండ మీద నుంచో చెట్టు మీద నుంచో గీకినదే. ఎక్కడ ఏరారు, ఎవరి అనుమతితో ఏరారు అని అమ్మేవారిని అడిగి చూడండి. చాలా దేశాల్లో రక్షిత ప్రాంతాల నుంచి లైకెన్లు ఏరడం నేరం. అడిగినదానికి జవాబు రాకపోతే అదే జవాబు అనుకోండి.

పరిశ్రమ అవసరం కూడా ఎప్పుడో తీరిపోయింది. 1850ల మధ్యలో లియోన్‌లో గినోన్, మార్నా, బొన్నే అనే అద్దకందారులు లైకెన్ నుంచే ఆమ్లానికి తట్టుకునే ‘ఫ్రెంచి ఊదా’ తయారు చేశారు. ప్యారిస్, లండన్‌లలో అది పెద్ద ఫ్యాషన్ అయింది. సరిగ్గా ఆ రోజుల్లోనే, 1856లో, లండన్‌లో పద్దెనిమిదేళ్ల విలియం పెర్కిన్ తారు నుంచి మావ్ అనే ఊదా తయారు చేశాడు. లైకెన్ వ్యాపారం ఆ తర్వాత క్రమంగా కూలిపోయింది. లైకెన్ల వైపు నుంచి చూస్తే పెర్కిన్ చేసింది గొప్ప మేలు. ఇప్పటికీ ఆర్సీన్ పూర్తిగా పోలేదు. క్రోమోజోములకు రంగు పట్టించి సూక్ష్మదర్శినిలో చూడడానికి, కణజాలంలోని సాగే పోగులను గుర్తించడానికి ప్రయోగశాలల్లో వాడుతున్నారు. ఒకప్పుడు యూరప్‌లో ఇ121 పేరుతో ఆహార రంగుగా కూడా ఉండేది, 1977లో దాన్ని నిషేధించారు. కాబట్టి తినే వాటిలో కలపాలనే ఆలోచన ఎవరికైనా ఉంటే వదిలేయండి.

అయితే ఈ పని నేర్చుకోవాలనుకునేవారు ఏం చేయాలి? గాలివానకు విరిగి పడిన కొమ్మల మీద ఉన్నవి, నరికేసిన చెట్ల బెరడు మీద ఉన్నవి, ఎలాగూ చచ్చిపోయేవి, ఏరుకోవచ్చు. ఐరోపా, ఉత్తర అమెరికా ప్రాంతాల్లో అలా దొరికే ఎవెర్నియా ప్రునాస్ట్రి అమ్మోనియాలో ఓ మోస్తరు గులాబీ ఊదా ఇస్తుంది. బండల మీద నల్లటి తోలు ముక్కల్లా ఉండే అంబిలికేరియా జాతుల్లో గైరోఫోరిక్ ఆమ్లం ఉంటుంది, వాటి ఊదా చాలా లోతుగా ఉంటుంది. కానీ అవి తమంతట తాము రాలవు, కాబట్టి వాటి జోలికి వెళ్లవద్దనే చెబుతాను. పది గ్రాములు చాలు. పది గ్రాములతో ఈ రంగు గురించి తెలుసుకోవలసినదంతా తెలుస్తుంది. పెద్ద ఎత్తున, ఎండకు ఆగే ఊదా కావాలంటే లైకెన్ వైపు చూడనే వద్దు. ముందు నీలిమందులో ముంచి, ఆరాక పటిక పట్టించి, లక్క రంగులోనో మంజిష్ఠలోనో వేయండి. ఆ ఊదాకు ఇంత మెరుపు ఉండదు, కానీ ఏళ్ల తరబడి నిలుస్తుంది.

మరిగించి రంగు తీసే లైకెన్లు లేవా అంటే ఉన్నాయి, కానీ వాటి రసాయనం వేరు, వాటి రంగులూ వేరు. స్కాట్లండు పడమటి దీవుల్లో పార్మీలియా సాక్సటిలిస్, పార్మీలియా ఓంఫలోడిస్ అనే లైకెన్లను ఉన్నితో వరసలు వరసలుగా పేర్చి, నీళ్లు పోసి గంటల తరబడి మరిగించేవారు. తుప్పు ఎరుపు నుంచి ముదురు గోధుమ దాకా వచ్చే ఆ రంగులు గట్టివి, పటిక అడగవు. పాతకాలపు హారిస్ ట్వీడ్ బట్టకు ఉండే ప్రత్యేకమైన వాసన కూడా ఆ లైకెన్‌దే. ఉత్తర అమెరికా వాయవ్య తీరంలోని చిల్కాట్ నేతగత్తెలు తమ దుప్పట్లలోని పసుపును లెథారియా వల్పినా అనే లైకెన్ నుంచి తీసేవారు. అందులోని వల్పినిక్ ఆమ్లం విషం, దాన్ని తెలియకుండా ముట్టుకోవద్దు. పుస్తకంలో “లైకెన్‌ను మరిగించండి” అని ఉంటే అది ఈ వర్గం గురించి చెప్పినదై ఉంటుంది. మీరు ఆ పద్ధతిని రొసెల్లాకు వాడారు, అంతే.

మరిగించేసిన ఆ గుప్పెడు లైకెన్‌ను పారేయకపోతే అది ఇంకా పనికొచ్చే అవకాశం ఉంది. లెకనోరిక్ ఆమ్లం మామూలు నీళ్లలో బాగా కరగదు, అందుకే చాలా భాగం కొమ్మల్లోనే మిగిలి ఉండవచ్చు. నీళ్లు పిండి, నీడలో పూర్తిగా ఆరబెట్టి, ఒక ముక్క మీద బ్లీచ్ చుక్క వేసి చూడండి. ఎర్రబడితే మిగతాది సీసాలో వేసి పైన చెప్పినట్టు అమ్మోనియా పోయండి. సీసా మీద తేదీ, లైకెన్ బరువు, లోపల అమ్మోనియా ఉందన్న మాట పెద్ద అక్షరాలతో రాసి పిల్లలకు అందని చోట పెట్టండి. వారానికొకసారి తెల్ల ఉన్ని పోగు ఒకటి అందులో ముంచి, ఆరబెట్టి, తేదీ రాసి కాగితానికి అంటించుకుంటూ వెళ్లండి. నెలయ్యాక ఆ కాగితం ఫొటో ఇక్కడ పెడితే, ఇంకా ఎంతకాలం మాగనివ్వాలో చూసి చెబుతాను.